శుభలేఖలో ఉన్నవాళ్లందరూ

"ఆ గిన్నెలో పోశావేంటి?" అంది గురవమ్మ.

మల్లేశ్వరి కవ్వం కడుగుతున్నదల్లా వెనక్కి తిరిగి చూసింది. వంటగట్టు మీద వెడల్పాటి స్టీలు గిన్నె నిండా అప్పుడే చిలికిన మజ్జిగ ఉంది. పైన కరివేపాకు రెబ్బ తేలుతోంది.

"ఏ గిన్నెలో?"

"అదే. ఆ వెడల్పుది."

"చేతికి అదే దొరికిందమ్మా. ఆరుగురం తినాలి. చెంబులో పోస్తే చాలుతుందా?"

"తపేలా ఉంది. కుండ ఉంది. అటక మీద నా కాపరం నాటి ఇత్తడి గిన్నె ఉంది. అన్నీ వదిలేసి దాన్నెందుకు తీశావు? దాన్ని నేను వాడటం లేదు."

"చిల్లి పడిందా?"

"పడలేదు."

"మరి?"

"వాడటం లేదని చెబుతున్నాగా. నా వంటింట్లో ప్రతిదానికీ నీకు సంజాయిషీ చెప్పుకోవాలా?"

మామూలు రోజుల్లో అయితే మల్లేశ్వరి అక్కడితో వదిలేసేది. కానీ రెండు రాత్రులుగా ఆమెకు సరిగా నిద్ర లేదు.

"అయితే ఏం చెయ్యమంటావు? పారబొయ్యనా?"

"పారబొయ్యి."

మల్లేశ్వరి తల్లి మొహంలోకి చూసింది. చేట చెరిగేటప్పుడు కింద పడ్డ నాలుగు బియ్యం గింజలు కూడా ఏరి డబ్బాలో వేసే మనిషి, గిన్నెడు మజ్జిగ పారబొయ్యమంటోంది. పైగా చూపు తిప్పుకుని.

గుమ్మంలో కూర్చుని ఫిజిక్స్ పుస్తకం చదువుతున్న మల్లేశ్వరి కూతురు తేజశ్రీ తలెత్తింది. "ఎందుకమ్మమ్మా గొడవ? నేను తాగేస్తాలే మొత్తం."

"నువ్వు నోరు మూసుకుని చదువుకో."

"చదువుతూనే ఉన్నా. జైల్లో పుస్తకాలు ఇస్తారో లేదో తెలియదుగా."

ఎవరూ నవ్వలేదు. తేజశ్రీ కూడా ఇంక నవ్వించే ప్రయత్నం చెయ్యలేదు.

దానికి పదహారేళ్లు. ఇంటర్ మొదటి సంవత్సరం పరీక్షలకు ఇంకా పన్నెండు రోజులే ఉంది. మొన్న చిలకలూరిపేటలో తమ ఇంటికి నోటీసు తెచ్చిన కానిస్టేబులు గుమ్మంలో నిలబడి, ఫిర్యాదులో ఉన్న తొమ్మిది పేర్లూ చదివి, చివరి పేరు దగ్గర ఆగి, "తేజశ్రీ అంటే ఎవరండీ?" అని అడిగాడు. కాలేజీ నుంచి అప్పుడే వచ్చి బూట్లు విప్పుకుంటున్న పిల్ల, క్లాసులో హాజరు పలికినట్టు చెయ్యెత్తింది. కానిస్టేబులే ఇబ్బంది పడ్డాడు. పుట్టిన తేదీ కాగితం తీసుకుని స్టేషన్‌కి రమ్మని, మంచినీళ్లు కూడా తాగకుండా వెళ్లిపోయాడు.

ఆ చెయ్యి మల్లేశ్వరి కళ్లముందు నుంచి కదలటం లేదు. తమ్ముడి భార్య శ్రీరమ్య పుట్టింటికి వెళ్లి ఎనిమిది నెలలైంది. భర్త మీద, అత్త మీద కట్నం వేధింపుల కేసు పెట్టిందంటే అర్థముంది. తొమ్మిది మంది మీద పెట్టింది. అందులో ఒకరు స్కూలు బ్యాగు మోసుకుంటున్న పిల్ల, ఇంకొకరు ఈ లోకంలోనే లేని నాయనమ్మ.

"మజ్జిగ ఇక్కడే ఉంటుందమ్మా," అంది మల్లేశ్వరి. గిన్నె మీద పళ్లెం మూత పెట్టింది.

గురవమ్మ ఏదో అనబోయి, ముందుగదిలో దగ్గు వినపడి ఆగిపోయింది. ఆమె అన్నగారు భావనారాయణ వచ్చాడు.

* * *

భావనారాయణ ఆ కుటుంబానికి పెద్ద దిక్కు. గురవమ్మ భర్త పోయాక ఈ ఇంట్లో పొలం కౌలుకివ్వాలన్నా, పిల్లకి సంబంధం చూడాలన్నా ఆయన మాటే చెల్లుతూ వచ్చింది. ఫిర్యాదులో ఆయన నాలుగో ముద్దాయి. ఆ మాట తనే చెప్పుకుని మీసం దువ్వుకుంటున్నాడు.

"గుంటూరు వకీలుతో మాట్లాడొచ్చాను. రేపు పదింటికి స్టేషన్‌లో ఉండాలి. అందరం కలిసి ఒకే కాగితం ఇస్తాం. ఒకే మాట, ఒకే సంతకాల వరస. అమ్మాయ్ మల్లీ, ఇట్రా. నీ రాత ముత్యాల్లా ఉంటుంది. బి.ఏ. చదివావు. రాయి."

మల్లేశ్వరి తెల్లకాగితాలు, అట్ట తెచ్చుకుని చాప మీద కూర్చుంది. తమ్ముడు సురేంద్ర కిటికీ పక్కన కుర్చీలో ఫోను తిప్పుకుంటున్నాడు. భర్త కోటేష్ గోడకి ఆనుకుని కూర్చున్నాడు. కరెంటు డిపార్ట్‌మెంటులో లైన్‌మన్ ఆయన. ఏడో ముద్దాయి. అరెస్టు చేస్తే సస్పెండ్ చేస్తారని ఎవరో చెప్పిన దగ్గర్నుంచి ఆయన మాట్లాడిన మాటలు వేళ్ల మీద లెక్కపెట్టవచ్చు.

"ముందు పెళ్లయిన తేదీ వెయ్యి. సరిగ్గా ఎంతరా సురేంద్రా?"

"మాఘమాసం మావయ్యా. నాలుగేళ్లయింది."

"మాఘమాసం అని రాస్తే స్టేషన్‌లో నవ్వుతారు. తేదీ చెప్పు."

"శుభలేఖ బీరువాలో ఉంటుంది. అక్కా, చూడు."

మల్లేశ్వరి లేచి వెళ్లి బీరువా తీసింది. పట్టుచీరల కింద, పసుపు మరకల కవర్లో శుభలేఖ ఉంది. బరువైన ఎర్ర అట్ట, వినాయకుడి బొమ్మ. తేదీ చూసుకుని మూసెయ్యబోయింది. ఎందుకో మళ్లీ తెరిచింది.

ఎడమవైపు పైన, మనవడి పెళ్లికి ఆశీస్సులతో హనుమాయమ్మ గారు. ఆమె కింద గురవమ్మ. ఆ కింద పెళ్లిపెద్దలుగా భావనారాయణ దంపతులు. తర్వాత మల్లేశ్వరి, కోటేష్. తర్వాత పిడుగురాళ్ల చిన్నాన్న. అట్ట అడుగున, రెండు చిలకల బొమ్మల మధ్య చిన్న అక్షరాల్లో: 'మా మావయ్య పెళ్లికి మీరంతా తప్పకుండా రావాలి. తేజశ్రీ.'

అచ్చు వేయించేటప్పుడు తనే పట్టుబట్టి ఆ వాక్యం వేయించింది. అప్పుడు తేజకి పన్నెండేళ్లు. తన పేరు అచ్చులో చూసుకుని ఆ కార్డు స్కూలంతా తిప్పింది.

మల్లేశ్వరి శుభలేఖ పట్టుకుని ముందుగదిలోకి వచ్చి, బల్ల మీదున్న ఫిర్యాదు నకలు పక్కన పరిచింది. మొదటి ముద్దాయి సురేంద్ర. రెండు నుంచి తొమ్మిది దాకా వేలు పెట్టి చూసుకుంటూ పోయింది. ఒక్క పేరు అటూ ఇటూ కాలేదు.

"మావయ్యా, ఇది చూడండి. ఎవరేం చేశారని కాదు. శుభలేఖ ముందు పెట్టుకుని పై నుంచి కింద దాకా ఎక్కించేశారు."

భావనారాయణ కళ్లజోడు సర్దుకుని చూశాడు. ఒకసారి అటు, ఒకసారి ఇటు. తర్వాత తొడ మీద చరుచుకున్నాడు.

"ఇంకేం కావాలే. హనుమాయమ్మ పెద్దమ్మ పెళ్లయిన నాలుగో నెలలో పోయింది. ఆవిడ నిరుడు ఎండాకాలం కోడల్ని కొట్టిందని రాశారు. ఇది ఒక్కటి చూపిస్తే చాలు. కేసు మొత్తం అబద్ధమని తేలిపోతుంది."

"మొత్తమా?" అంది మల్లేశ్వరి.

"మొత్తమే. చచ్చిపోయినావిడ కొట్టిందట, స్కూలుపిల్ల స్థలం రాయమందట. ఇంక మిగతావి మాత్రం ఎవరు నమ్ముతారు?"

సురేంద్ర ఫోను పక్కన పెట్టాడు. రెండు రోజుల్లో మొదటిసారి వాడి మొహం విచ్చుకుంది.

"ఒక రకంగా తేజ పేరు రాయటం మంచిదే అయిందక్కా. లేకపోతే మనం ఇరుక్కునేవాళ్లం."

మల్లేశ్వరికి ఆ మాట చెవుల్లోకి వెళ్లి, లోపల ఎక్కడో ఆగింది. వాడు నవ్వుతున్నాడు. వాడికి తను ఒళ్లో కూర్చోబెట్టుకుని అన్నం పెట్టింది. వాడి టెన్త్ పరీక్షలకి బస్సులో తోడు వెళ్లింది. వాడిప్పుడు, నీ కూతుర్ని ముద్దాయిగా రాశారు, మంచిదే అయింది అంటున్నాడు. సొంత మేనమామ.

"ఎవరికి మంచిదైందిరా?" అంది.

"అంటే, అందరికీ."

"అది పరీక్ష రాసే రోజున స్టేషన్‌కి రమ్మంటే నువ్వెళ్తావా దాని బదులు?"

"అబ్బా, మాటలు పట్టుకోకక్కా."

"ముందు రాయండి," అన్నాడు భావనారాయణ. "నేను చెబుతా. ఒకటి, హనుమాయమ్మ గారు ఫలానా తేదీన మరణించారు."

మల్లేశ్వరి రాసింది.

"రెండు, తేజశ్రీ మైనరు. పెళ్లి నాటికి ఏడో తరగతి చదువుతోంది."

రాసింది.

"మూడు, శ్రీరమ్యను ఈ ఇంట్లో ఎవరూ ఏనాడూ పల్లెత్తు మాట అనలేదు. పెదకాకాని స్థలం సంగతి ఎవరూ ఎత్తలేదు. ఆమె తనంతట తానే పుట్టింటికి వెళ్లిపోయింది."

కలం 'మూడు' దగ్గర ఆగింది.

పెదకాకాని స్థలం శ్రీరమ్య తండ్రి బుల్లయ్య పసుపు కుంకుమ కింద కూతురికి రాసిచ్చింది. హైవే పక్కన కావటంతో దానికి విలువ పెరిగింది. అది తన పేరుకి మారిస్తే అమ్మేసి చీమకుర్తిలో గ్రానైటు లారీ కొనుక్కుంటానని సురేంద్ర రెండేళ్లుగా అంటూనే ఉన్నాడు. ఇదే గదిలో అన్నాడు. ఈ భావనారాయణ మావయ్యే 'అందులో తప్పేముందిలే' అని తలూపాడు.

"ఆగావేం?"

"అన్నం వార్చాలి మావయ్యా. భోజనాలయ్యాక రాస్తాను."

ఎసరు ఇంకా పడనే లేదని అందరికంటే బాగా తెలిసింది కోటేష్‌కి. ఆయన కూర్చున్న చోటు నుంచి పొయ్యి కనపడుతుంది.

* * *

పెరట్లో కల్లం మీద మిరపకాయలు ఎర్రగా పరిచి ఉన్నాయి. ఇద్దరు కూలివాళ్లు ముక్కులకి గుడ్డలు కట్టుకుని కాళ్లతో కాయ తిరగేస్తున్నారు. మల్లేశ్వరి గడ్డివామి నీడకి వెళ్లి ఫోను తీసింది. చెయ్యకూడదని వకీలు చెప్పాడట. చేసింది.

అవతల నాలుగు రింగులకి ఎత్తారు.

"చెప్పండి వదినా," అంది శ్రీరమ్య.

ఎలా మొదలుపెట్టాలో మల్లేశ్వరి అనుకుని వచ్చింది. అవన్నీ పోయి, ఉన్నది ఉన్నట్టు వచ్చేసింది.

"తొమ్మిది పేర్లు రాశావు రమ్యా."

"నేను చెప్పింది రెండే వదినా. మీ తమ్ముడిది, అత్తయ్యది."

"మరి మిగతావి?"

"ఫిర్యాదు రాసిపెట్టే ఆయన శుభలేఖ తెమ్మన్నాడు. ఇంటి పేర్లు, చుట్టరికాలు తప్పు పోకుండా ఉంటాయని. నాన్న తీసుకెళ్లి ఇచ్చాడు. అందులో ఉన్నవాళ్లందర్నీ రాసేశాడు."

"నువ్వు చదవకుండానే సంతకం పెట్టావా?"

ఫోనులో అవతల పెదకాకాని గుడి మైకు వినపడుతోంది.

"చదివాను."

"చదివి?"

"ఇంతమంది ఎందుకండీ అన్నాను. ఇద్దరి పేర్లే ఉంటే ఎవరూ కదలరమ్మా, అందరికీ సెగ తగిలితేనే దారికొస్తారు అన్నాడు. నాన్న కూడా అవునన్నాడు. పెట్టాను."

"మీ అన్నయ్య ఉద్యోగం పోతుంది. అది పోనీ. తేజ నీ పెళ్లిలో నీ చీరకుచ్చెళ్లు పట్టుకుని నడిచింది. ఇంట్లో నీతో సరదాగా మాట్లాడేది అదొక్కతే అని నువ్వే అన్నావు. దాని పేరు చూసి కూడా ఊరుకున్నావా?"

"ఊరుకున్నాను."

"ఎలా ఊరుకున్నావు?"

"తప్పే వదినా. కాదనను." గొంతులో ఏడుపు లేదు. అలసట ఉంది. "నన్ను ఒకటి అడగనివ్వండి. మీరు నా చేతులు చూసి ఊరుకోలేదా?"

మల్లేశ్వరి గడ్డివామిలోంచి ఒక పరక లాగింది.

"నేను మిమ్మల్ని అనటానికి అడగలేదు," అంది శ్రీరమ్య. "మీరొక్కరే తలుపు తీశారు. ఆ రోజు నుంచీ మీరు ఒక్క ఫోను చేస్తారని చూశాను. ఇవాళ చేశారు. మీ అమ్మాయి పేరుందని చేశారు."

ఫోను ఎవరు ముందు పెట్టేశారో మల్లేశ్వరికి గుర్తు లేదు.

నిరుడు ఇదే రోజులు. కాయ కల్లం నుంచి ఇంటికి చేరింది. పచ్చడికి, కారానికి కాసిని కాయలు తీసుకెళదామని తను మధ్యాహ్నం బస్సుకి వచ్చింది. తేజ కూడా వచ్చింది. సంచీ పట్టుకుని వాకిట్లో కుక్కపిల్లలతో ఆడుకుంటోందనుకుంది.

ఇంట్లో దగ్గు వినపడింది. ఆగని దగ్గు. కొట్టుగదికి బయట గడియ పెట్టి ఉంది.

గడియ తీసేసరికి ఘాటు మొహాన కొట్టింది. లోపల నడుం దాకా ఎండుమిరపకాయల రాశి. ఫ్యాను లేదు, కిటికీ మూసి ఉంది. రాశి ముందు పీట మీద కూర్చుని శ్రీరమ్య తొడిమలు తీస్తోంది, తెల్లబడ్డ తాలుకాయలు వేరు చేస్తోంది. కూలివాళ్లు చేతులకి నూనె రాసుకుని, గాలి తగిలే చోట కూర్చుని, మధ్యలో లేచి తిరుగుతూ చేసే పని అది. ఈమె మూడు రోజులుగా ఒక్కతే చేస్తోంది. "స్థలం రాయించిన రోజున కూలీలని పెడతా, అందాకా నువ్వే కూలి" అందట అత్తగారు.

వేళ్లు వాచి, చర్మం ఊడిపోతున్నట్టుగా ఎర్రగా ఉన్నాయి. శ్రీరమ్య ఒక్క అంగలో వంటింట్లోకి వెళ్లి, ఎదురుగా కనపడిన ఆ వెడల్పు గిన్నెలోని మజ్జిగలో రెండు చేతులూ మణికట్ల దాకా పెట్టేసింది. కళ్లు మూసుకుంది. ఆ నిమిషం ఆ మొహంలో కలిగిన సుఖం మల్లేశ్వరి చూసింది.

గురవమ్మ వచ్చి ఆ గిన్నె లాగేసింది. "తాగే దాంట్లో చేతులు పెడతావా" అని పెరట్లోకి విసిరి పారబోసింది.

తనేమంది? "పోనీలే అమ్మా" అంది. ఒక్క మాట. ఆ తర్వాత భోజనం చేసింది. సంచీ నిండా కాయలు తీసుకుని నాలుగింటి బస్సెక్కింది.

అవి శ్రీరమ్య తొడిమలు తీసిన కాయలే. మిల్లులో ఆడించి సీసాల్లో పోసుకుంది. ఏడాది పొడుగునా ఇంట్లో ప్రతి కూరలోనూ ఆ కారమే. ఈసారి రంగు బాగుందని పక్కింటావిడకి కూడా ఒక డబ్బా ఇచ్చింది.

మల్లేశ్వరికి ఒక్కసారి ఒళ్లు మండిపోయింది. ఎవరి మీదో తెలియలేదు. పిల్ల పేరు ఎక్కించిన ఆ రాతగాడి మీదా, తెలిసి సంతకం పెట్టిన మరదలి మీదా, పిల్ల వెనక దాక్కుంటున్న తమ్ముడి మీదా, చివరికి తన మీదా. అందరిలోకీ తన మీద కోపమే ఎక్కువసేపు నిలబడింది.

* * *

భోజనాలకి చాపలు వేశారు. గోంగూర పప్పు, వంకాయ వేపుడు, అప్పడాలు. గురవమ్మ వడ్డిస్తూ అన్నగారి విస్తట్లో నెయ్యి రెండోసారి వేసింది.

"రేపు వకీలుకి శుభలేఖ కూడా ఇద్దాం," అన్నాడు భావనారాయణ. "అల్లుడూ, నువ్వు తింటంలేదేం? భయపడకు. నీ ఉద్యోగానికి నేను పూచీ."

"మీకు పూచీ ఎవరు మావయ్యగారూ?" అన్నాడు కోటేష్. మెల్లగానే అన్నాడు.

సురేంద్ర నవ్వాడు. "బావ కూడా జోకులేస్తున్నాడు. ఇంక కేసు పోయినట్టే."

మల్లేశ్వరి వంటింట్లోంచి మజ్జిగ తెచ్చింది. వెడల్పు గిన్నెలోనే తెచ్చింది.

గురవమ్మ చేతిలో గరిటె ఆగింది. "అది పారబొయ్యమన్నాను కదే."

"ఒకసారి పారబోశావు కదమ్మా. చాలు."

గురవమ్మ గరిటె నేతిగిన్నెలో పెట్టి తన విస్తరి ముందు కూర్చుంది. కొంగుతో మెడ తుడుచుకుంది. ఎంత ఎండొచ్చినా ఫ్యాను కింద కూర్చోవటం ఇష్టం లేని మనిషి, పైకి చూసి ఫ్యాను పెంచమంది. ఎవరూ లేవలేదు.

"మావయ్యా, ఆ కాగితం నేను పూర్తి చెయ్యటం లేదు," అంది మల్లేశ్వరి. నిలబడే చెప్పింది. "రేపు స్టేషన్‌కి వస్తాను. నా కాగితం నేను విడిగా ఇస్తాను."

"విడిగానా? ఏముంటుందందులో?"

"నాయనమ్మ ఎప్పుడు పోయిందో ఉంటుంది. ఈయన ఈ ఇంటికి ఏడాదికి రెండుసార్లు వస్తారని ఉంటుంది. తేజ పేరు శుభలేఖ చూసి రాశారని ఉంటుంది, ఆ శుభలేఖ కూడా జతచేస్తాను. నిరుడు ఈ ఇంట్లో నేను ఏ గదికి గడియ తీశానో, లోపల ఎవరున్నారో, అది కూడా ఉంటుంది."

"నీకు మతి గానీ పోయిందా?" అన్నాడు సురేంద్ర. "నీ పిల్ల పేరు ఎక్కించిన దాని తరఫున సాక్ష్యం చెబుతావా?"

"ఎవరి తరఫునా కాదు. చూసింది రాస్తున్నాను. తొమ్మిది మంది గుంపుగా ఉన్నారు కాబట్టి మీ ఇద్దరూ కనపడటం లేదురా. ఏడుగురం పక్కకి జరిగితే మీరు కనపడతారు. అందుకే కదూ మమ్మల్ని కదలొద్దంటున్నారు?"

"అమ్మాయ్," అన్నాడు భావనారాయణ. ఇంతసేపటి చనువు గొంతులోంచి పోయింది. "రాత బాగుందని కలం చేతికిస్తే మా మీదే రాస్తావా? రేపు నీ కూతురికి సంబంధం చూడాలంటే ఎవరు వస్తారు నీ వెంట? తల్లిని స్టేషన్ ఎక్కించిన ఇల్లని చెప్పుకుంటారు."

"ఎక్కించలేదు మావయ్యా. రేపు ఎలాగూ వెళ్తున్నాం అందరం."

"మల్లీ," అన్నాడు కోటేష్. "నా ఉద్యోగం సంగతి ఆలోచించావా?"

ఈ ప్రశ్న వస్తుందని ఆమెకి తెలుసు. ఆయన తప్పు కూడా కాదది.

"ఆలోచించానండీ. నిజం రాస్తే మీ ఉద్యోగం నిలబడుతుందని చెప్పలేను. అబద్ధం రాస్తే నిలబడుతుందని మీరు చెప్పగలరా?"

కోటేష్ అన్నం కెలుకుతూ ఉండిపోయాడు.

"నిన్ను కని, పెంచి, చదివిస్తే," అంది గురవమ్మ. "ముసలిదాన్ని జైల్లో పెట్టిస్తావా? నేనేం చేశానని? కోడలికి ఇంటి పని చెప్పటం కూడా నేరమేనా? మేమంతా చెయ్యలేదా తొడిమలు తియ్యటం?"

"తీశావమ్మా. కల్లంలో, నలుగురితో కలిసి, పాటలు పాడుకుంటూ తీశావు. నీ తలుపుకి ఎవరైనా గడియ పెట్టారా?"

గురవమ్మ అప్పడం విరిచి విస్తట్లోనే పడేసింది.

"చెప్పమ్మా. ఆ గడియ నువ్వు పెట్టలేదని చెప్పు. నేను చూసింది తప్పని అను. ఆ మాటే రాస్తాను."

తల్లి నోరు తెరుస్తుందని మల్లేశ్వరి నిజంగానే ఎదురుచూసింది. పెట్టలేదే, గాలికి పడి ఉంటుంది అని ఒక్క మాట అంటే, ఏమో, తను ఇప్పటికీ నమ్మేదేమో. గురవమ్మ విస్తరి వైపు చూస్తూ, కలిపిన అన్నాన్నే మళ్లీ కలిపింది.

సురేంద్ర చెయ్యి విదిల్చి లేచాడు. "రాసుకో. ఏం రాసుకుంటావో రాసుకో. నీ ఒక్కదాని మాట ఎవరు నమ్ముతారు? ఆ రోజు ఇంట్లో అమ్మా, నువ్వూ, అదీ తప్ప ఇంకో పురుగు లేదు."

ఆ రోజు అంటూ ఒకటుందని తనే ఒప్పుకున్నట్టు వాడికి తెలియలేదు. భావనారాయణకి తెలిసింది. ఆయన కళ్లు మూసుకున్నాడు.

"నేనున్నాను మావయ్యా," అంది తేజశ్రీ సురేంద్రతో.

చాప చివర్న కూర్చున్న ఆ పిల్ల వైపు అందరూ తిరిగారు. పప్పన్నం కూడా సగం తినలేదు.

"సంచీ పట్టుకుని పెరటి గుమ్మంలో నిలబడ్డాను. అమ్మ చూసుకోలేదు. అత్త చేతులు చూశాను. అమ్మమ్మ గిన్నె విసిరితే మజ్జిగ నా కాళ్ల మీద పడింది."

"నువ్వూరుకో తేజా," అంది మల్లేశ్వరి. తన గొంతు తనకే కొత్తగా, బెదిరినట్టుగా వినపడింది. పొద్దున్నించీ అందరితో పోట్లాడింది ఈ పిల్ల పేరు ఆ కాగితాల్లోంచి తీయించటానికి. "నీకు పరీక్షలున్నాయి. నీ పేరు మళ్లీ ఎక్కడా రాదు. నేను రాస్తాను చాలు."

తేజశ్రీ ఎంగిలి చెయ్యి ఎత్తి అలాగే ఉంచింది, మొన్న గుమ్మంలో కానిస్టేబులుకి ఎత్తినట్టే.

"వాళ్లు రాసింది తీయించెయ్యమ్మా," అంది. "తర్వాత నా పేరు నేను రాసుకుంటాను."